రజిత తల ఎడమకు తిప్పిన రోజు

2024 మార్చి నెల. హనుమకొండలోని ఒక ప్రైవేటు ఆసుపత్రిలో, కాలిన గాయాల విభాగానికి నేను ఇన్‌ఛార్జ్ నర్సును. గాయం మానినంత మాత్రాన కాలిన రోగి చికిత్స ముగియదు. మచ్చ గట్టిపడుతుంది, చర్మం ముడుచుకుంటుంది, మెడ, మోచేయి, వేళ్లు బిగుసుకుపోతాయి. అందుకని వారానికి ఒక పూట 'స్కార్ క్లినిక్' పేరుతో పాత రోగులను చూస్తాం. మచ్చను మర్దన చేసుకోవడం నేర్పుతాం. ప్రెషర్ గార్మెంట్ అనే బిగుతైన తొడుగు వేయిస్తాం. వ్యాయామాలు చేయిస్తాం.

వరంగల్ కొత్తవాడలో జంపఖానాలు నేసే మా కుటుంబంలో డిగ్రీ పట్టా అందుకున్న మొదటి మనిషిని నేను. అందువల్లనేమో, పుస్తకంలో ఉన్నదాన్ని ఉన్నట్టుగా పాటించడం నా స్వభావంలో భాగమైంది. ఆ వేసవిలో మా క్లినిక్‌కు వచ్చిన ఒక అతిథి పుస్తకంలో లేని సంగతి ఒకటి చూపించి వెళ్లారు. ఈ వృత్తిలోకి రాబోయేవారికి అది ఉపయోగపడుతుందని రాస్తున్నాను.

మా ప్లాస్టిక్ సర్జన్ గారు ఒక సదస్సులో పరిచయమైన జపాన్ మహిళను మాకు క్యామఫ్లాజ్ మేకప్ నేర్పడానికి రెండు నెలల పాటు ఆహ్వానించారు. ఇది పెళ్లిళ్లకు వేసే మేకప్ వంటిది కాదు. బొల్లి, కాలిన మచ్చ, శస్త్రచికిత్స గాటు వంటివి చుట్టూ ఉన్న చర్మంలో కలిసిపోయేలా వేసే పూత. ఆమె పేరు కియోమి. ఒకప్పుడు సినిమా నటి, తరువాత సినిమాలకే మేకప్ కళాకారిణి అని డాక్టరు గారు చెప్పగానే వార్డు వార్డంతా ఎదురుచూసింది. వచ్చిన మనిషికి అరవై దాటాయి. పొట్టి జుట్టు, బూడిదరంగు చొక్కా, కాళ్లకు గుడ్డ బూట్లు.

మా ఆయా సమ్మక్క కింది నుంచి మీది దాకా చూసి నా చెవిలో అంది: "సినిమా యాక్టర్ అంటె గిట్లుంటదా సిస్టరమ్మా? లెక్కల టీచర్ లెక్క ఉన్నది."

ఏమన్నదని కియోమి గారు అడిగితే, మర్యాద కోసం మార్చకుండా ఉన్నదున్నట్టే చెప్పాను. ఆమె నవ్వి, "నిజమే. నాకు టీచర్ వేషాలు చాలా ఇచ్చారు" అన్నారు. ఆ రోజు నుంచి సమ్మక్కకు ఆమె 'జపానమ్మ' అయ్యారు.

మధ్యాహ్నం భోజనం దగ్గర మేమిద్దరం మాట్లాడుకునేవాళ్లం. ఇద్దరిదీ కష్టపడి నేర్చుకున్న ఇంగ్లీషే కనుక మాటలు నిదానంగా సాగేవి, అందుకే చక్కగా అర్థమయ్యేవి. ఆమెది చేపలు పట్టే ఒక చిన్న రేవు పట్టణం. జుట్టు అలంకరించే దుకాణం ఒకటి తల్లి నడిపేది. చదువు అయిపోగానే టోక్యోకు వెళ్లి, గుంపు దృశ్యాలలో నిలబడే వేషాలతో మొదలుపెట్టారు. తరువాత పాత కాలపు కథల సినిమాలలో చెల్లెలు, పనిమనిషి, స్నేహితురాలు. చివరకు కొన్నింటిలో కథానాయిక.

"కథానాయికగా వేసినవి తక్కువ. కథానాయిక పక్కన నిలబడి ఏడ్చే అమ్మాయిగానే జనం నన్ను గుర్తుపెట్టుకున్నారు. నేను బాగా ఏడుస్తాను" అని చెప్పారు, అన్నం కలుపుకుంటూ.

ఆ సినిమాలలో ముఖానికి పూత వేయడానికి గంటలు పట్టేదట. మిగతా నటీమణులు అద్దంలో తమ ముఖం చూసుకుంటే, ఆమె మాత్రం మేకప్ వేసే పెద్దాయన చేతులను చూసేవారట. వయసు పెరిగి అమ్మ వేషాలు మొదలైనప్పుడు, ఒకరోజు ఆ పెద్దాయన దగ్గరికే వెళ్లి పని నేర్పమని అడిగారు. ఆయన అన్నాడట: "ఇన్నేళ్లు నా కుర్చీలో కూర్చుని కబుర్లు చెప్పావు. ఇక కుర్చీ వెనక నిలబడు. కబుర్లు నేను చెబుతాను."

ఆమె సొంతంగా చేసిన మొదటి పని ఒక కొత్త నటికి మేకప్ వేయడం. కొన్నేళ్ల ముందైతే ఆమెకే దక్కవలసిన వేషం అది. "ఆ రోజు మీకు బాధ కలగలేదా?" అని అడిగాను.

ఆమె చెప్పారు: "ఆ అమ్మాయి ముక్కు పక్కన నీడ సరిగ్గా కుదరడం లేదు. సాయంత్రం దాకా నాకు అదే పట్టుకుంది. ఇంకో విషయం ఆలోచించే తీరిక దొరకలేదు."

తన పనిని గౌరవించే మనిషి ఎలా ఉంటుందో నాకు ఆ ఒక్క మాటలో తెలిసింది.

తరువాత చాలాకాలం కత్తియుద్ధాల సినిమాలకూ యుద్ధ సినిమాలకూ ఆమె మచ్చలు వేశారు. గాటు కొత్తదా, పాతదా, ఎంత పాతది అని దర్శకుడు చెబితే, ఆ వయసున్న మచ్చను ముఖం మీద పుట్టించేవారు. ఒకసారి ఆమె ఉండే పేటలోని ఆసుపత్రి నుంచి ఒక నర్సు వచ్చి అడిగిందట: "మీకు మచ్చ వేయడం తెలుసు. కనబడకుండా చేయడం కూడా తెలుసా?" అక్కడి నుంచి ఆమె మూడో జీవితం మొదలైంది.

ఆమె వచ్చిన మొదటి వారంలోనే మా క్లినిక్‌కు రజిత వచ్చింది. హసన్‌పర్తిలో ఇల్లు. హనుమకొండ నుంచి ఎల్కతుర్తి వైపు తిరిగే ఆర్డినరీ బస్సులో కండక్టరు. ఏడాది క్రితం ఇంట్లో గారెలు వేస్తుండగా కడాయి ఒరిగి కాగిన నూనె కుడి చెంప మీద, దవడ మీద, మెడ మీద పడింది. మా దగ్గరే మాన్పించాం. గాయం మానింది కాని ఆమె డ్యూటీకి పోలేదు. సెలవులన్నీ అయిపోయాయి. ఇక కండక్టరు పనికి పనికిరానని డాక్టరు సర్టిఫికెట్ తెస్తే, డిపో ఆఫీసులో లోపలి గదిలో కూర్చునే పని ఇస్తామన్నారు. దాని కోసమే వచ్చింది.

"ఒక్కసారి అట్లా రాసిస్తే మళ్లీ బస్సెక్కడం ఉండదు. తెలుసు కదా?" అని అడిగాను.

"ఎరుకే సిస్టర్. బస్సు మీద పానం కొట్టుకుంటది. గని ఏం జేయాలె? ఎక్కినోళ్లందరికి జవాబు చెప్పాలె. ఏమైంది బిడ్డా, ఎవలు జేసిన్రు అంటరు. మొగుడు పోసిండనుకుంటరు. గారెలు జేసుకుంట కాల్చుకున్న అంటె ఒక్కలు నమ్మరు. ఆయన డిపో కాడికొస్తె ఆయన దిక్కు గుడ్లురుమి చూస్తరు. పాపం, ఆయనకు గారెలంటె కూడ ఇష్టం లేదు."

నవ్వుతూనే చెప్పింది. కాని చెబుతున్నంతసేపూ ముఖం గోడ వైపే ఉంది.

డాక్టరు గారు పరీక్షించారు. మెడకు కుడివైపు మచ్చ ముడుచుకుని తలను అటే లాగుతోంది. దీన్ని కాంట్రాక్చర్ అంటాం. తల ఎడమకు సగం కూడా తిరగడం లేదు. బస్సు నడవలో నిలబడి రెండు వైపులా టికెట్లు కొట్టే మనిషికి అది చాలదు. "కియోమి గారు వెళ్లేలోగా మెడలో మార్పు వస్తే డ్యూటీకి రాస్తాను. లేదంటే నువ్వడిగిన సర్టిఫికెట్ ఇస్తాను" అని డాక్టరు గారు గడువు పెట్టారు.

ఇంటి దగ్గర చేయవలసిన మెడ వ్యాయామాలను నేను మరోసారి చూపించాను. కియోమి గారు మూలన నిలబడి చూశారు. రజిత వెళ్లిన తరువాత నన్ను అడిగారు: "ఈమె ఎప్పుడైనా నటించిందా?"

"లేదు. బస్సు కండక్టరు."

"అయినా ఆమెకు కెమెరా ఎక్కడుందో తెలుసు. మీరు ఎటు కదిలినా ఎడమ చెంపే మీకు ఇచ్చింది. మచ్చ ఆమె తలను కుడికి లాగుతోంది, నిజమే. ఆమె కూడా లాగుతోంది."

నేను ఆశ్చర్యపోయాను. ఏడాదిగా ఆ మెడను చూస్తున్నాను. ఎన్ని డిగ్రీలు తిరిగిందో కొలుస్తూ వచ్చాను. చర్మం సంగతి తప్ప ఇంకొకటి నాకు తట్టలేదు.

అప్పుడు కియోమి గారు తన సంగతి చెప్పారు. తాను వయసులో ఉన్నప్పుడు ఒక కెమెరామన్ "నీ ఎడమ వైపు బాగుంటుంది" అన్నాడట. అప్పటి నుంచి తలుపు తీసుకుని వచ్చినా, భోజనానికి కూర్చున్నా ఎడమ వైపే ఇచ్చేవారట. కెమెరా లేని ఇంట్లో కూడా అంతే. మేకప్ పని మొదలుపెట్టిన కొత్తలో ఒక ముసలి నటుడు, "అమ్మాయీ, నాకు రెండు చెంపలున్నాయి. నువ్వెప్పుడూ ఒక పక్కనే నిలబడతావేం?" అన్నాడట. "నా ముఖంలో సగం నేను వాడడం మానేసి చాలా ఏళ్లయిందని ఆ రోజు తెలిసింది" అన్నారామె.

మరుసటి వారం రజితకు మేకప్ మొదలైంది. కుర్చీని కియోమి గారు కిటికీ దగ్గరకు జరిపించారు, గదిలోని ట్యూబులైటు ఆర్పించారు. "మచ్చను రంగు పట్టించదు, మెరుపు పట్టిస్తుంది" అని నాకు చూపించారు. మామూలు చర్మానికి సన్నని రంధ్రాలు ఉంటాయి కనుక వెలుతురు చెదిరిపోతుంది. మచ్చ నున్నగా ఉంటుంది కనుక వెలుతురు తిరిగి కంటికి కొడుతుంది. మొదట నలుపు తేలిన చోట నారింజ రంగు కరెక్టర్ పలుచగా వేశారు. అది నలుపును చంపుతుంది. దాని మీద రజిత చర్మపు రంగుకు సరిపోయేలా కలిపిన పూత. ఆ తరువాత స్టిపుల్ స్పాంజి అనే గరుకు స్పాంజితో అద్దుతూ, లేని రంధ్రాలను చుక్కలు చుక్కలుగా పుట్టించారు. ఎన్నో మచ్చలు వేసిన చెయ్యి, ఒక్క మచ్చను అంతే ఓపికగా చర్మంలో కలిపేసింది.

సమ్మక్క పక్కనే నిలబడి సలహా ఇచ్చింది: "ఎట్లాగు పూస్తున్నరు గద. రెండు పూతలు ఎక్కువేసి జర తెల్లగ జేయమనరాదు సిస్టరమ్మా."

"నువ్వూకో సమ్మక్కా," అంది రజిత. మళ్లీ తనే మెల్లగా, "అడిగితె ఏమంటదో అడుగుండ్రి" అంది.

కియోమి గారికి చెప్పాను. "మొదటి సినిమాలో నన్ను గోడకు సున్నం వేసినట్టు తెల్లగా చేశారు. మా అమ్మ ఊళ్లో నలుగురినీ వెంటబెట్టుకుని వెళ్లి చూసింది. నా పక్కనున్న పిల్లను చూసి నేనే అనుకుని ఏడ్చింది" అన్నారు. నేను తెలుగులో చెప్పేసరికి రజిత పూత పగులుతుందేమోనన్నట్టు పెదవులు బిగించి నవ్వింది. తెల్లగా చేయమని మళ్లీ అడగలేదు.

అద్దం ఇచ్చాం. రజిత చాలాసేపు చూసుకుంది. మచ్చ నిజంగానే కనబడలేదు. నీళ్లు చిలకరించి చూశాం, చెమట పట్టేదాకా ఎండలో మెట్ల మీద తిప్పి చూశాం. పూత చెదరలేదు.

"మంచిగున్నది" అంది రజిత. అంటూనే గోడ వైపు తిరిగింది.

మచ్చ లేదు. కాని తల ఎక్కడున్నదో అక్కడే ఉంది. కియోమి గారూ నేనూ ఒకరినొకరం చూసుకున్నాం.

మరునాడు కియోమి గారు రజితను మళ్లీ రప్పించి, ఒక వింత కోరిక కోరారు. వరండాలో కుర్చీలను రెండు వరుసలుగా, మధ్యలో దారి వదిలి వేయమన్నారు. ఖాళీగా ఉన్న నర్సులను, రోగుల వెంట వచ్చినవారిని కూర్చోబెట్టమన్నారు. "సినిమాలో మొదట ముఖం తయారవుతుంది. ఆ తరువాత రిహార్సల్ ఉంటుంది. మీరు రిహార్సల్ లేకుండా పంపేస్తున్నారు" అన్నారు. ఆసుపత్రిలో ఇలాంటిది తగునా అని నాకు సందేహం కలిగింది. డాక్టరు గారు వచ్చి వెనక కుర్చీలో ప్రయాణికుడిలా కూర్చోవడంతో నేనూ కూర్చున్నాను. రజిత చేతికి టికెట్ మిషన్‌కు బదులుగా బీపీ మిషన్ డబ్బా ఇచ్చాం.

రజిత సిగ్గుపడుతూ కుడి వరుసకు మాత్రమే టికెట్లు ఇస్తూ నడిచింది. ఎడమ వరుసలో సమ్మక్క కూర్చుంది. నోటికి చీర కొంగు అడ్డం పెట్టుకుని, ఎటో చూస్తూ ఉంది. ఆడవాళ్లకు ప్రయాణం ఉచితమే అయినా, ఆధార్ చూపించి జీరో టికెట్ తీసుకోవాలి.

"టికెట్" అంది రజిత, తల తిప్పకుండా.

"నాకు ఫిరీ గాదు?"

"కార్డు చూపియ్యాలె."

"కార్డు ఇంట్ల మరిచిన. నా మొఖం జూస్తె తెల్వదా, ఆడదాన్నని?"

"మొఖం జూసి టికెట్ ఇయ్యరు పెద్దమ్మా. కార్డు లేకుంటె పైసలు."

"గా ముందటామెకు ఊకె ఇచ్చినవ్. నీ సుట్టమా? నా దిక్కు సూడకుంటనే గింత మాట్లాడుతున్నవ్, సూస్తె ఇంకెంత మాట్లాడుతవో. నేను దిగ. ఏం జేస్తవో జేయ్."

"దిగవా?" అని రజిత గిరుక్కున తిరిగింది. ఎడమకే. పూర్తిగా కాదు గాని, ఏడాదిలో నేను కొలిచిన కొలతలన్నింటినీ దాటి తిరిగింది. "డ్రైవరన్నా, బండి ఆపు. ఈమెను దింపి పోదాం."

వరండా అంతా నవ్వింది. మెడలో నొప్పి తెలిసి రజిత చేయి పెట్టుకుంది, తరువాత తానూ నవ్వింది. కియోమి గారికి ఒక్క మాట అర్థం కాలేదు. అయినా అందరికంటే ముందు చప్పట్లు కొట్టింది ఆమే.

అప్పటి నుంచి క్లినిక్ ఉన్నా లేకపోయినా రజిత వచ్చేది. ఫిజియోథెరపిస్టు మెడను సాగదీసేవారు. ఆ వెంటనే వరండా బస్సు కదిలేది. కియోమి గారు ప్రతిసారీ ఎడమ వరుసలోనే, మరింత వెనక కూర్చునేవారు. రజిత తల తిప్పితేనే ఆమె కనబడతారు. మెడ రోజురోజుకూ వదులయింది. చివరకు డాక్టరు గారు డ్యూటీకి రాసిచ్చారు.

డ్యూటీలో చేరిన మొదటి రోజు ఉదయం రజిత ఆసుపత్రికి వచ్చి మేకప్ వేయించుకుంది. అది కియోమి గారు మా ఊళ్లో ఉన్న చివరి వారం. ఆ రోజు నేను సెలవు పెట్టాను. మేకప్ పెట్టె పట్టుకుని మేమిద్దరం అదే బస్సులో, రజిత ముందు నుంచి నడిచి వచ్చేటప్పుడు ఆమెకు ఎడమ వైపు పడే సీట్లో కూర్చున్నాం. బస్సు నిండా కాలేజీ పిల్లలు, కూరగాయల గంపలతో రైతు స్త్రీలు. రజిత రెండు వైపులా టికెట్లు కొడుతూ సాగింది. హసన్‌పర్తి చెరువు దాటేసరికి ఎండ మండింది.

అప్పుడు చూశాను. రజిత దవడ దగ్గర పూత జారుతోంది. చెవి కింద నుంచి మెడ మీదికి మచ్చ మెల్లగా బయటపడుతోంది. కారణం వెంటనే తట్టింది. నీళ్లకు పరీక్షించాం, ఎండకు పరీక్షించాం, చెమటకు పరీక్షించాం. నూనెకు పరీక్షించలేదు. ఆ పూత నీటికి కరగదు, నూనెకు కరుగుతుంది. ఇన్నాళ్లూ ఆసుపత్రికి తలస్నానం చేసి వచ్చిన రజిత, డ్యూటీ రోజు కనుక తలకు కొబ్బరినూనె దండిగా రాసుకుని బిర్రుగా జడ వేసుకుంది. కణతల నుంచి చెమటతో పాటు ఆ నూనె కారింది. తరువాత అడిగితే, "నూనె లేని తలతోటి డ్యూటీకి ఎట్ల పోత సిస్టర్, దయ్యం లెక్క ఉంట గద" అంది. మా ఇళ్లలో ఏ ఆడమనిషిని అడిగినా అదే చెబుతుంది. జపాన్ నుంచి వచ్చిన మనిషికి అది తెలిసే అవకాశం లేదు. తలకు రోజూ నూనె పెట్టుకునే నాకు అది గుర్తుకే రాలేదు.

పెట్టె తెరవబోతూ లేచాను. కియోమి గారు నా మణికట్టు పట్టుకుని కూర్చోబెట్టారు.

మా ముందు సీట్లోని ముసలమ్మ అప్పటికే రజితను పట్టి పట్టి చూస్తోంది. "బిడ్డా, ఆ దవడకు గంధం పూసినవా? కారుతాంది" అంది.

రజిత వేలితో తాకి చూసుకుంది. వేలికి రంగు అంటింది. క్షణంసేపు ఆమె తల కుడికి, ఆ పాత చోటికి, కదిలింది. ఏడాది పాటు ఆమె తప్పించుకున్న ప్రశ్న ఇప్పుడు రాబోతోంది.

"అయ్యో, మచ్చనా? ఏమైంది బిడ్డా? ఎవలు జేసిన్రు?"

రజిత మెడలోని తువాలుతో చెంపా మెడా ఒక్కసారిగా తుడుచుకుంది. సగం పూత దానికే వచ్చింది. తరువాత ముసలమ్మ వైపు తిరిగింది. ముసలమ్మ ఆమెకు ఎడమ వైపున ఉంది.

"ఎవలు జేయలె పెద్దమ్మా. గారెలు జేస్తాంటె నూనె వడ్డది. గారెలు మాత్రం మస్తు కుదిరినయట. దవాఖానల ఉంటి గద, నాకే దక్కలె."

ముసలమ్మ నోరు నొక్కుకుంది. పక్కనున్న ఆమె ఫక్కున నవ్వింది.

"మా ఆయనకు గారెలే నచ్చవు, ఇగ నూనె ఏం పోస్తడు," అంది రజిత, అడగని ప్రశ్నకు కూడా జవాబిస్తూ. "కార్డు తియ్యి. ఎన్క ఎవరన్న ఉన్నరా, టికెట్?"

ఆ కేక బస్సు చివరి దాకా వినబడింది. ఎల్కతుర్తి వరకు మా పెట్టె మూత తెరవలేదు.

దిగిన తరువాత కియోమి గారిని అడిగాను, ఎందుకు ఆపారని. "సన్నివేశం అంత బాగా నడుస్తున్నప్పుడు మేకప్ మనిషి ఫ్రేములోకి రాకూడదు" అన్నారు. అని, పెట్టె భుజానికి వేసుకుని నాకంటే ముందు నడిచారు.

ఆమె వెళ్లిపోయిన తరువాత క్యామఫ్లాజ్ మేకప్ పని నేనే చూస్తున్నాను. తలకు నూనె పెట్టుకునేవారికి దవడ అంచున పూత ఎలా కాపాడుకోవాలో ఇప్పుడు ముందే చెబుతాను. అంతకంటే ముఖ్యమైన మార్పు మరొకటి ఉంది. మేకప్ కుర్చీ ఇప్పుడు అద్దానికి ఎదురుగా ఉండదు. రోగి తల ఎటు తిప్పకుండా తప్పించుకుంటున్నారో చూసి, తలుపు అటు వైపు పడేలా కుర్చీని తిప్పుతాను. వచ్చినవారిని చూడాలంటే అటు తిరగవలసిందే. మచ్చను కప్పడం మా పనిలో ఒక భాగం మాత్రమే. ఆ మనిషి తిరిగి లోకం వైపు చూడడం మొదలుపెట్టిందా లేదా అన్నది అసలు కొలత. అది నాకు నేర్పింది, ముఖాలతోనే మూడు జీవితాలు గడిపిన ఆమే.

రజిత ఇప్పుడు పెళ్లిళ్లకు, పేరంటాలకు పూత వేసుకుంటుంది. డ్యూటీకి వేసుకోదు. మొన్న హసన్‌పర్తి వెళ్లాల్సి వచ్చి ఆమె బస్సే ఎక్కాను. ఆమెకు ఎడమ వైపు పడే చివరి సీట్లో కూర్చున్నాను, గుర్తుపడుతుందో లేదో చూద్దామని. ముందు నుంచి వరుసగా టికెట్లు కొట్టుకుంటూ వచ్చి, మచ్చ ఉన్న చెంప నాకేసి తిప్పి, చేయి చాపింది.

"సిస్టరైనా సరే, కార్డు చూపియ్యాలె."